పది పవర్ నాలుగు

ప్రొద్దుటూరులో ఓ ప్రైవేటు జూనియర్ కాలేజీలో దామోదర్ పన్నెండేళ్లు కెమిస్ట్రీ చెప్పాడు. ఏటా జూన్‌లో కొత్త పిల్లలు రాగానే మొదటి వారమంతా ఒకటే పాఠం. మరీ పెద్ద సంఖ్యల్నీ, మరీ చిన్న సంఖ్యల్నీ పది పవర్లతో కుదించి రాయడం. పుస్తకంలో దాన్ని సైంటిఫిక్ నొటేషన్ అంటారు. మొదటి అంకె పక్కనే పాయింటు పెట్టండి, పాయింటు ఎన్ని స్థానాలు ఎడమకి జరిగితే పది మీద అంత పవర్, కుడికి జరిగితే మైనస్, ఇది రానివాళ్లకి కెమిస్ట్రీ రాదు అని చెప్పేవాడు. నలభై ఐదు వేలని నాలుగు పాయింట్ ఐదు ఇంటూ పది పవర్ నాలుగు అని రాయాల్సిన చోట పవర్ ఐదు వేసినవాళ్లని బెల్లు కొట్టేదాకా బోర్డు పక్కన నిలబెట్టేవాడు. ఒక్కటే కదా సార్ తేడా అన్న అమ్మాయిని ఒకసారి క్లాసంతా నవ్వేలా మాటలన్నాడు. ఆ పిల్ల మళ్లీ నోరెత్తి ఏమీ అడగలేదు. వెనక బెంచీల వాళ్లు అతనికి పవర్ సార్ అని పేరు పెట్టారు. ఆ సంగతి తెలియనట్టే ఉండేవాడు గాని లోపల్లోపల మురిసిపోయేవాడు.

భార్య కుసుమ నర్సు. తనే ముందు న్యూజిలాండ్ వెళ్లి, అక్కడి కోర్సు చేసి, డునెడిన్ ఆసుపత్రిలో ఉద్యోగం తెచ్చుకుంది. ఏడాది తర్వాత, 2012లో, దామోదర్ కూతురు అమృతని తీసుకుని వెళ్లాడు. అప్పుడతనికి ముప్పై తొమ్మిదేళ్లు. కొండ మీద చెక్క ఇల్లు, పొద్దున లేస్తే కిటికీ అద్దాలకి లోపలివైపు నీళ్లు కారుతుండేవి. నాలుగు నెలలు ఇంట్లో కూర్చున్నాడు. తర్వాత ఒక సూపర్ మార్కెట్లో అరల్లో డబ్బాలు సర్దాడు. పన్నెండేళ్ల పాఠాల గురించి అక్కడెవరూ అడగలేదు. బిస్కెట్ల వరసలో మోకాళ్ల మీద కూర్చుని పాత తేదీల పాకెట్లు ముందుకి జరుపుతున్నప్పుడు, తను ఎవరో ఈ ఊళ్లో ఒక్కరికైనా తెలిస్తే బాగుండునని అనిపించేది.

2013 చివర్లో ఒక చిన్న ల్యాబ్‌లో టెక్నీషియన్ ఉద్యోగం దొరికింది. చుట్టుపక్కల రైతుల పాలు, చీజు, వాన నీళ్ల ట్యాంకుల శాంపిళ్లు అక్కడికి వచ్చేవి. వాటిలో సూక్ష్మజీవులు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టడమే పని. గ్రాము చీజులో వేలకి వేలు ఉండొచ్చు. అన్నిటినీ ఎవరూ లెక్కపెట్టలేరు. అందుకని శాంపిల్‌ని పదో వంతుకి, నూరో వంతుకి పలచన చేసి, గాజు పళ్లెంలో పోసి, రెండు రోజులు వెచ్చగా ఉంచుతారు. ఒక్కో సూక్ష్మజీవి పెరిగి ఒక చుక్క అవుతుంది. ఆ చుక్కలు లెక్కపెట్టి, ఎన్నో వంతుకి పలచన చేశారో దానితో హెచ్చవేస్తే అసలు సంఖ్య వస్తుంది. దామోదర్ ఆ పని శుభ్రంగా చేసేవాడు. ల్యాబ్ పెద్ద గ్రేమ్ మాట తక్కువ మనిషి, కానీ పని చూసేవాడు.

మరుసటి ఏడు జూలైలో ల్యాబ్‌కి కొత్త కంప్యూటర్ ప్రోగ్రాం వచ్చింది. అంతకు ముందు మూడు వేల ఆరువందలైతే అలాగే అంకెల్లో రాసేవాళ్లు. కొత్తదానిలో రెండే గడులు. మొదటి గడిలో మూడు పాయింట్ ఆరు, రెండో గడిలో పది మీద పవర్. మిగతా వాళ్లు తడబడ్డారు, గొణిగారు. దామోదర్ తనంతట తనే ముందుకొచ్చి, టీ గదిలో వైట్ బోర్డు మీద అరగంట పాఠం చెప్పాడు. రెండేళ్ల తర్వాత మొదటిసారి చేతిలో మార్కరు, ఎదురుగా వినేవాళ్లు. పాఠం అయ్యాక గ్రేమ్, ఇకనుంచి అందరి ఎంట్రీలూ బయటికి వెళ్లే ముందు దామోదరే చూస్తాడని చెప్పాడు. ఆ రోజు ఇంటికెళ్లి కుసుమకి ఆ మాట రెండుసార్లు చెప్పుకున్నాడు.

అందరివీ అతను చూసేవాడు. అతనివి ఎవరూ చూసేవాళ్లు కాదు. అది ఎవరికీ తట్టలేదు, అతనికి అసలే తట్టలేదు.

పామర్‌స్టన్ అనే ఊరి వైపు వెళ్లే దారిలో హీథర్ అనే ఆవిడకి మేకల ఫారం ఉంది. యాభై దాటిన మనిషి. తండ్రి ఆలెక్‌తో కలిసి మేకపాల చీజు చేసి అమ్మేది. ఆగస్టులో ఆవిడ చీజు శాంపిల్ వచ్చింది. అందులో చూడాల్సింది ఒక రకం బ్యాక్టీరియా. మనుషుల చర్మం మీద, చిన్న చిన్న గాయాల్లో ఉండే రకం. గ్రాముకి పదివేలు దాటితే ఆ చీజు అమ్మడానికి వీల్లేదు.

నూరో వంతు పళ్లెంలో ముప్పై ఆరు చుక్కలు లేచాయి. ముప్పై ఆరు ఇంటూ వంద. దామోదర్ తన నోటుబుక్కులో 36 ఇంటూ పది పవర్ రెండు అని రాసి, ముప్పై ఆరుని మూడు పాయింట్ ఆరు చేశాడు గనక పవర్‌కి ఒకటి కలిపి, పక్కన పవర్ మూడు అని వేసుకున్నాడు. అంటే మూడు వేల ఆరువందలు. అంతవరకూ సరే. గంట తర్వాత కంప్యూటర్ ముందు కూర్చున్నప్పుడు నోటుబుక్కులో పవర్ మూడు కనపడింది. పాయింటు జరిపినందుకు ఒకటి కలపాలి కదా అని వేళ్లు వాటంతట అవే నాలుగు కొట్టాయి. మూడు పాయింట్ ఆరు ఇంటూ పది పవర్ నాలుగు. ముప్పై ఆరు వేలు. ఒకసారి కలిపిన ఒకటిని రెండోసారి కలిపాడు. కింద, సరిచూసినవారు అనే చోట తన పేరే పెట్టుకుని పంపేశాడు.

మర్నాడు హీథర్ ఫోన్ చేసింది. ఫోన్ తీసింది దామోదరే. ఆవిడ, ఎక్కడైనా పొరపాటు జరిగే వీలుందా అని అడిగింది. ఇన్నేళ్లలో ఎప్పుడూ నాలుగు వేలు దాటలేదంది. దామోదర్ ఆమెని కంగారు పడొద్దన్నాడు. పది పవర్ నాలుగంటే ఎంతో, పవర్ మూడుకీ దానికీ ఎంత తేడానో ఇంటర్ పిల్లలకి చెప్పినట్టే ఓపిగ్గా చెప్పాడు.

"నేనే స్వయంగా సరిచూశాను. పొరపాటుకి ఆస్కారం లేదు" అన్నాడు.

అక్కడితో ఆగినా బాగుండేది. చీజుని చేత్తో ముట్టుకునేది ఎవరని అడిగాడు. మా నాన్న, రోజూ గడ్డల్ని తిరగేసి ఉప్పు రాసేది ఆయనే, డెబ్బై ఎనిమిదేళ్లు అంది హీథర్. పెద్దవాళ్ల చేతులకి పగుళ్లుంటాయి, ఈ బ్యాక్టీరియా అక్కడే ఉంటుంది, కొన్నాళ్లు ఆయన్ని దూరంగా ఉంచి చూడండి అన్నాడు దామోదర్. అది అతని పని కాదు. ఎవరూ అడగలేదు. తెలిసినవాడు చెప్పినట్టుంటుందని చెప్పాడు. ఆవిడ థాంక్స్ చెప్పి ఫోన్ పెట్టేసింది. నూటపది కిలోల చీజుని ఆ వారమే గొయ్యి తవ్వి పూడ్చారు.

మూడు వారాల తర్వాత హీథర్ కొత్త శాంపిల్ పట్టుకుని తనే వచ్చింది. కౌంటర్ దగ్గర దామోదర్‌ని గుర్తుపట్టి, మీరు చెప్పినట్టే చేశామంది. నాన్నని చీజు గదిలోకి రానివ్వడం లేదు, ఆయనకి మొదట అర్థం కాలేదు, ఇప్పుడు వంటింట్లోనే కూర్చుంటున్నాడు, గిన్నెలు కూడా ముట్టుకోవడం లేదు అని చెప్పింది. ఈసారి బాగానే వస్తుందనుకుంటున్నా అంది. దామోదర్ కూడా అలాగే అన్నాడు.

రెండు రోజులాగి పళ్లెం తీసి చూశాడు. నూరో వంతు పళ్లెంలో ముప్పై ఒకటి.

ముసలాయన చేతులు తగలని చీజులో ముప్పై ఒకటి. పోయినసారి కూడా పళ్లెం ఇంచుమించు ఇలాగే ఉందే అనిపించింది. కొత్త ఎంట్రీ కొట్టకుండా పాత నోటుబుక్కు తీసి ఆగస్టు పేజీలు తిప్పాడు. తన చేతిరాతే, గుండ్రంగా, తేటగా. 36. పక్కన పవర్ మూడు. కంప్యూటర్‌లో రిపోర్టు తెరిచాడు. పవర్ నాలుగు. కింద తన పేరు.

పక్క బల్ల దగ్గర ఎవరో కబుర్లు చెబుతూ నవ్వుతుంటే తననే చూసి నవ్వుతున్నట్టు అనిపించింది. నోటుబుక్కు మూసేసి, అరలో వెనక్కి తోసి పెట్టాడు. కొత్త రిపోర్టు మాత్రం సరిగ్గా, మూడుసార్లు చూసి పంపాడు.

ఆ రోజే గ్రేమ్ గదికి వెళ్లి చెప్పొచ్చు. వెళ్లలేదు. సోమవారమూ వెళ్లలేదు. ఉద్యోగం పోతుందని భయమా అంటే, అదీ కాదు. వాళ్లకి అక్కడ స్థిరపడే అనుమతి, రెసిడెన్సీ, కుసుమ ఉద్యోగం మీద వచ్చింది. ఇల్లు ఆమె జీతంతోనే నడుస్తుంది. భయమే అయితే తనని తాను కాస్త మన్నించుకునేవాడు. అతన్ని పట్టి ఆపింది సిగ్గు ఒక్కటే. టీ గదిలో వైట్ బోర్డు ముందు నిలబడి పాఠం చెప్పినవాడు, అందరి తప్పులూ ఎర్ర పెన్నుతో చుట్టినవాడు, ఆ మొదటి పాఠంలోనే తప్పాడని వాళ్లకి తెలియడం. అంత చిన్న విషయం కోసం ఎక్కడో ఒక ముసలాయన తన ఇంట్లో తనే అంటరానివాడిలా కూర్చున్నాడు. అది తెలిసీ తను టీ తాగుతున్నాడు. రోజు గడిచేకొద్దీ చెప్పాల్సింది రెండింతలైంది. తప్పు చేశానని ఒకటి, తెలిసీ దాచానని ఇంకొకటి.

ఆ వారంలోనే అమృత హోంవర్కు పట్టుకొచ్చింది. ఇక్కడి స్కూల్లో దాన్ని స్టాండర్డ్ ఫారం అంటారట. సూర్యుడి దూరం, వెంట్రుక మందం, అన్నీ పది పవర్లలోకి మార్చాలి. "నాన్నా, దిస్ ఈజ్ యువర్ థింగ్, అమ్మ చెప్పింది" అని కాగితం ముందు పెట్టింది. దామోదర్ ఆ కాగితం వైపు చూడలేకపోయాడు. తలనొప్పిగా ఉంది, టీచర్ని అడుగమ్మా అన్నాడు. ఆ పిల్ల కాగితం తీసుకుని పోయింది. పొయ్యి దగ్గరున్న కుసుమ వెనక్కి తిరిగి అతన్ని చూసింది.

అన్నం తినేటప్పుడు అడగలేదు. అమృత తన గదిలోకి వెళ్లాక, చపాతీ పిండి డబ్బా మూత పెడుతూ, ఏం జరిగిందని అడిగింది. దామోదర్ మొదట ఒళ్లు బాగాలేదన్నాడు. ఆమె ఒప్పుకోలేదు. వారం నుంచి సగం అన్నం పారబోస్తాండారు అంది. అప్పుడు చెప్పాడు. పళ్లెం, ముప్పై ఆరు, రెండుసార్లు కలిపిన ఒకటి, ఫోన్లో తను చెప్పిన మాటలు, ముసలాయన సంగతి. చెబుతున్నంతసేపూ నేల వైపే చూశాడు.

కుసుమ డబ్బా పక్కన పెట్టి వచ్చి కూర్చుంది. ఆసుపత్రిలో మందు డోసు తప్పితే అదే గంటలో కాగితం మీద రాసిచ్చేస్తామని, రాయకపోతేనే అసలు తప్పని మెల్లగా చెప్పింది. ఆ తర్వాత అడిగింది.

"ఆమె ఫోన్ చేసి అడిగినప్పుడు ఒక్కసారి నోటుబుక్కు తెరిచి చూసుంటే కనపడేదా?"

"కనపడేది."

"ఎందుకు చూల్లేదు?"

"నేను తప్పు చేస్తానని అనుకోలేదు" అన్నాడు దామోదర్.

ఆమె ఓదార్చలేదు. సోమవారం పోయి చెప్పండి అని మాత్రం అంది.

సోమవారానికి పళ్లెం లెక్కపెట్టి తొమ్మిది రోజులు. గ్రేమ్ తలుపు వేసి విన్నాడు. నోటుబుక్కు, రిపోర్టు పక్కపక్కన పెట్టి చూశాడు. ఎలా జరిగిందని అడగలేదు, నీకు ఎప్పుడు తెలిసింది అని అడిగాడు. పోయిన వారం ముందు శనివారం అన్నాడు దామోదర్. గ్రేమ్ కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టాడు. అరవలేదు. తప్పు ఎవరైనా చేస్తారు, ఒకే మనిషి రాసి ఒకే మనిషి సరిచూసే ఏర్పాటు పెట్టినందుకు నాదీ తప్పే, కానీ ఈ తొమ్మిది రోజులు మాత్రం నీవే అన్నాడు. దామోదర్ తల ఊపాడు. సరిచూసే పని తననుంచి తీసేయమని తనే అడిగాడు. గ్రేమ్ అప్పటికే పనుల జాబితాలో ఆ పని పక్కనున్న అతని పేరు కొట్టేశాడు.

ఆ మధ్యాహ్నమే గ్రేమ్ హీథర్‌కి ఫోన్ చేసి చెప్పి, సరైన రిపోర్టూ, క్షమాపణ ఉత్తరమూ పంపాడు. పూడ్చిన చీజుకి ల్యాబ్ నష్టం కట్టిస్తుందనీ రాశాడు. తను స్వయంగా వెళ్తానన్నాడు దామోదర్. అక్కర్లేదు, వెళ్తే నీ మనసుకి ఊరట గాని వాళ్లకేం ఒరుగుతుంది అన్నాడు గ్రేమ్. ఆ మాట నిజమేనేమో అనిపించింది. కానీ ముసలాయనకి ఎవరు ఏం చెప్పారో తెలియదు. ఆయన్ని దూరంగా ఉంచమన్న మాట ల్యాబ్‌ది కాదు, తనది. ఉత్తరంలో ఆ మాట లేదు. శనివారం వెళ్లనివ్వమని మళ్లీ అడిగాడు. గ్రేమ్ హీథర్‌ని కనుక్కుని, సరేనన్నాడు.

కుసుమ వస్తానంది గాని ఒక్కడే డ్రైవ్ చేసుకుని వెళ్లాడు. సముద్రం పక్క రోడ్డు, వాన తుంపర. గేటు దగ్గర కారాపి పది నిమిషాలు అందులోనే కూర్చున్నాడు. మేకలు కంచె దగ్గరికొచ్చి చూశాయి.

హీథర్ లోపలికి రమ్మనలేదు. వరండాలోనే నిలబెట్టి వింది. అతను ఇంగ్లీషులో ముందే అనుకుని వచ్చిన మాటలన్నీ కలగాపులగమయ్యాయి. పొరపాటు నాది, సలహా కూడా నాదే, తెలిశాక తొమ్మిది రోజులు దాచాను అని మాత్రం చెప్పగలిగాడు. ఉత్తరంలో లేని ఆ మూడో మాట విన్నాక ఆవిడ మొహం మారిపోయింది.

"నేను అడిగాను. పొరపాటు అయ్యుంటుందా అని నిన్నే అడిగాను. నువ్వు నాకు సున్నాలు ఎలా లెక్కపెట్టాలో నేర్పావు" అంది.

వాన నీళ్లు రేకు మీంచి దామోదర్ భుజం మీద పడుతున్నాయి. పక్కకి జరగాలని కూడా తోచలేదు.

ఆలెక్ లోపలినుంచి వచ్చాడు. పొడుగాటి మనిషి, కొంచెం వంగాడు. చేతులు రెండూ కోటు జేబుల్లో ఉన్నాయి. ల్యాబ్ మనిషా అని కూతుర్ని అడిగి, ఎక్కడ తప్పిందో చూపించమన్నాడు. దామోదర్ జేబులోంచి కాగితం తీసి, వరండా గట్టు మీద పెట్టి రాశాడు. ముప్పై ఆరు, వందతో హెచ్చవేత, పాయింటు ఒక స్థానం జరపడం, ఒకటి కలపడం. తర్వాత ఆ ఒకటినే మళ్లీ కలపడం. ఆలెక్ వంగి చదివాడు. బడిలో తను పదమూడేళ్లకే మానేశానని, ఈ పైన రాసే చిన్న అంకె ఏమిటో తనకి తెలియదని అన్నాడు. దామోదర్ రెండు సంఖ్యల్నీ మామూలుగా, సున్నాలతో కింద రాసి చూపించాడు. 3600. 36000.

ముసలాయన ఆ రెంటినీ చాలాసేపు చూశాడు.

"అంటే అసలు లెక్క మూడు వేల ఆరువందలు. నేను లేనప్పుడు?"

"మూడు వేల నూరు."

"అంతేనా తేడా."

"అంతే. దానికి మీ చేతులతో సంబంధం లేదండీ. ఏ రోజైనా అంత తేడా ఉంటుంది."

ఆలెక్ తల ఊపాడు. అరవై ఏళ్లుగా పాలు పితుకుతున్నానని, చీజు పూడ్చినందుకు బాధ లేదని, అలాంటివి అవుతుంటాయని అన్నాడు. తర్వాత, కూతురు వినకుండా ఉండాలన్నట్టు గొంతు తగ్గించాడు.

"మొదటి వారం నేను చేతులు కడుక్కుంటుంటే వెనకాల నిలబడి చూసేది. చిన్నప్పుడు దాని చేతులు నేను కడిగాను. అది మాత్రం నాకు నచ్చలేదు."

దామోదర్ సారీ అనే మాట అప్పటికే నాలుగుసార్లు వాడేశాడు. అది ఇక పనికిరాదనిపించింది. ఆలెక్ కాగితం మడిచి తన జేబులో పెట్టుకుని, మేకలకి మేత వేసే వేళయిందని షెడ్డు వైపు వెళ్లిపోయాడు. హీథర్ గేటు దాకా వచ్చింది. వచ్చినందుకు థాంక్స్ అనలేదు. ఇకమీదట శాంపిళ్లు క్రైస్ట్‌చర్చ్ ఊళ్లోని ల్యాబ్‌కి పంపిస్తానని చెప్పింది. అలాగేనండీ అన్నాడు.

ఉద్యోగం పోలేదు. ల్యాబ్‌లో ప్రతి ఎంట్రీనీ ఇద్దరు చూడాలని, రాసినవాళ్లు తమది తాము చూసుకోకూడదని గ్రేమ్ పద్ధతి మార్చాడు. దామోదర్ నోటుబుక్కుని ఇప్పుడు ఇరవై మూడేళ్ల అమ్మాయి ఒకతె చూస్తుంది. ఒకసారి ఆమె, ఇది సరేనా అని ఒక అంకె మీద వేలుపెడితే, అది సరైనదే అయినా, నోటుబుక్కు మొదటినుంచీ తీసి ఆమె ముందు మళ్లీ లెక్కవేశాడు. పవర్ గడిలో అంకె వేసే ముందు ఆ సంఖ్యని సున్నాలతో పొడుగ్గా పక్కన రాసుకోవడం అలవాటు చేసుకున్నాడు. టీ గదిలో బోర్డు మీద అతని పాఠం తాలూకు మరకలు చాలాకాలం లీలగా కనపడేవి. ఆ వైపు వీపు పెట్టి కూర్చునేవాడు. ఎప్పుడైనా నిద్రపట్టనప్పుడు ప్రొద్దుటూరు క్లాసులో బోర్డు పక్కన నిలబెట్టిన పిల్లల మొహాలు గుర్తు తెచ్చుకుందామని చూసేవాడు. మొహాలు వచ్చేవి గాని ఒక్కరి పేరూ గుర్తొచ్చేది కాదు.

డునెడిన్‌లో శనివారాలు పొద్దున రైల్వే స్టేషన్ పక్కన రైతుల సంత పెడతారు. ఆ డిసెంబర్లో కుసుమకి తోడుగా వెళ్లిన దామోదర్‌కి ఆ చివర హీథర్ బల్ల కనపడింది. అంతకుముందు ఎన్నోసార్లు దాని ముందునుంచే నడిచి ఉంటాడు, ఎవరిదో తెలియక. ఈసారి బంగాళాదుంపల బస్తాల వెనక ఆగిపోయాడు. హీథర్ లేదు. ఆలెక్ ఒక్కడే ఉన్నాడు. చీజు గడ్డని సన్నగా కోసి, ముక్కల్ని పుల్లలకి గుచ్చి, వచ్చినవాళ్లకి రుచికి ఇస్తున్నాడు. ఎవరితోనో నవ్వుతూ మాట్లాడుతున్నాడు. రెండు చేతులకీ నీలం రంగు రబ్బరు తొడుగులున్నాయి.

ఆ తొడుగులు మొదటినుంచీ ఉన్నాయో, ఈ ఆగస్టు తర్వాత వచ్చాయో దామోదర్‌కి తెలియలేదు. పక్క బల్లల వాళ్లకి ఉన్నాయేమోనని చూశాడు. కొందరికి ఉన్నాయి, కొందరికి లేవు. కుసుమ మెంతికూరలాంటి ఆకేదో దొరికిందని సంచీ చూపిస్తూ వచ్చి, అతను చూస్తున్న వైపు చూసి, వెళ్లి పలకరిస్తారా అని అడిగింది. వద్దన్నాడు. సంచీ ఆమె చేతిలోంచి తీసుకుని, స్టేషన్ వెనకనుంచి చుట్టూ తిరిగి కారు దగ్గరికి నడిచాడు.